ఆఫెన్సివ్ లైన్‌మన్ దారి: మొదటి ఆఫర్ నుంచి డ్రాఫ్ట్ దాకా తల్లిదండ్రులు తెలుసుకోవాల్సినవి

అమెరికాలో స్థిరపడిన తెలుగు ఇళ్లలో ఆరడుగుల నాలుగంగుళాలు పెరిగిన పదిహేనేళ్ల పిల్లవాడు ఉంటే, హైస్కూల్ ఫుట్‌బాల్ కోచ్ కన్ను వాడి మీద పడుతుంది. టెక్సస్‌లో అయితే మరీను. రెండేళ్లు తిరిగేసరికి యూనివర్సిటీ కోచ్‌లు ఫోన్లు చేస్తారు, ఇంటికొస్తారు, డబ్బు మాట్లాడతారు. అప్పటికి తల్లిదండ్రులకు ఆట నియమాలు కూడా సగమే తెలిసి ఉంటాయి. ఈ వ్యాసం అలాంటి ఇంటి కోసం. బంతి విసిరే క్వార్టర్‌బ్యాక్‌కో, దాన్ని అందుకునే రిసీవర్‌కో పనికొచ్చే సలహాలు, వాళ్ల కోసం ఎదుటివాళ్లను అడ్డుకునే లైన్‌మన్‌కు చాలావరకు పనికిరావు, ఎందుకంటే ఈ స్థానంలో పదిహేడేళ్లకు ఎవరూ తయారై ఉండరు. శరీరం, చేతుల పని, డిఫెన్స్‌ను చదివే తెలివి కుదురుకోవడానికి కాలేజీలో రెండు మూడేళ్లు పడుతుంది. కాబట్టి ఎన్ని ఆఫర్లు (స్కాలర్‌షిప్‌తో జట్టులో చోటిస్తామనే పిలుపులు) వచ్చాయన్నది రెండో ప్రశ్న. ఆ రెండు మూడేళ్లు ఏ లైన్ కోచ్ చేతికింద గడుస్తాయన్నది మొదటి ప్రశ్న.

ఏ స్థానం, ఎంత శరీరం

లైన్‌లో ఐదుగురు: మధ్యలో సెంటర్, అతనికి అటూ ఇటూ గార్డులు, చివర్లలో టాకిల్స్. పెద్ద యూనివర్సిటీలు టాకిల్ దగ్గర చూసేది 6 అడుగుల 4 నుంచి 7 అంగుళాల ఎత్తు, పొడవైన చేతులు. గార్డు, సెంటర్ ఇంకో రెండు మూడు అంగుళాలు తక్కువున్నా సరిపోతుంది. కాలేజీలో బరువు 290 నుంచి 320 పౌండ్ల మధ్య ఉంటుంది. హైస్కూల్‌లోనే 310 ఉండాలని కంగారు పడొద్దు. పొడవైన పిల్లవాడు 265 పౌండ్లుండి పాదాలు చురుగ్గా కదిలితే, 320 ఉండి మోకాళ్లు వంగనివాడికంటే కోచ్‌లకు అతనే నచ్చుతాడు. నోట్ర డామ్ టాకిల్ జో ఆల్ట్ హైస్కూల్‌లో టైట్ ఎండ్ (లైన్ పక్కన నిలబడి బంతి కూడా అందుకునేవాడు) ఆడాడు, రిక్రూటింగ్ సైట్లు ఐదుకు ఇచ్చే రేటింగ్‌లో మూడు నక్షత్రాల ఆటగాడు. 2024 డ్రాఫ్ట్‌లో, అంటే ప్రొఫెషనల్ లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్ జట్లు కాలేజీ ఆటగాళ్లను వరసగా ఎంచుకునే చోట, 5వ స్థానంలో చార్జర్స్ తీసుకున్నారు.

చెయ్యి పొడవును భుజం ఎముక చివరి నుంచి మధ్యవేలి కొస దాకా కొలుస్తారు. టాకిల్‌కు 33 అంగుళాలు దాటాలని ఎన్‌ఎఫ్‌ఎల్ వాళ్ల అలిఖిత లెక్క. లూసియానా స్టేట్ యూనివర్సిటీ (ఎల్‌ఎస్‌యూ)లో మొదటి ఏడాది నుంచే లెఫ్ట్ టాకిల్‌గా ఆడిన విల్ క్యాంప్‌బెల్‌కు 2025 కంబైన్‌లో (డ్రాఫ్ట్‌కు ముందు ఎన్‌ఎఫ్‌ఎల్ జరిపే కొలతలు, పరీక్షలు) 32 5/8 అంగుళాలు వచ్చాయి, తర్వాత యూనివర్సిటీలో కొలిస్తే 33. వారాల తరబడి అదే చర్చ నడిచింది. అయినా పేట్రియట్స్ 4వ స్థానంలో తీసుకున్నారు, కారణం మూడేళ్ల ఆట వీడియో. మీ అబ్బాయి చెయ్యి 32 దగ్గరే ఆగిపోతే బెంగపడక్కర్లేదు, కానీ గార్డు, సెంటర్ పని ఇప్పుడే నేర్పించండి. రోజూ ప్రాక్టీస్ అయ్యాక షాట్‌గన్ స్నాప్‌లు (కాళ్ల మధ్యనుంచి, వెనక దూరంగా నిలబడ్డ క్వార్టర్‌బ్యాక్‌కు బంతి వేయడం) 50 వేయించండి. స్నాప్ వేయడం వచ్చిన లైన్‌మన్‌కు జట్టులో చోటు దొరికే అవకాశం బాగా పెరుగుతుంది.

బరువు పెంచడం, మన వంటింట్లో

వారానికి అర పౌండు నుంచి ఒక పౌండు. అంతకంటే వేగంగా పెరిగితే అది నడుము చుట్టూ చేరే కొవ్వే, జూన్ క్యాంపులో అడుగు పడే వేగంలో తెలిసిపోతుంది. ప్రోటీన్ కిలో బరువుకు 1.6 నుంచి 2 గ్రాములు. 270 పౌండ్ల పిల్లవాడంటే సుమారు 122 కిలోలు, అంటే రోజుకు 195 నుంచి 245 గ్రాములు. మన భోజనంలో అన్నం వాటా ఎక్కువ, పప్పు వాటా తక్కువ. తేడా అక్కడే వస్తుంది.

మాంసం తినే ఇంట్లో ఒక రోజు ఇలా కుదురుతుంది. పొద్దున ఐదు గుడ్లు, రెండు కప్పుల పాలు, ఓట్స్ కలిపి 46 గ్రాములకు పైమాటే. మధ్యాహ్నం వండిన కోడి బ్రెస్ట్ 200 గ్రాములు, అంటే 60. ప్రాక్టీస్ అయ్యాక ఒక స్కూప్ వే పౌడర్ పాలలో, 33. రాత్రి అన్నంతో గట్టి పప్పు ఒక కప్పు, ఇంకో 200 గ్రాముల కోడి, చివర్లో ఒక కప్పు గ్రీక్ పెరుగు, కలిపి 95 దాకా. శాకాహార ఇళ్లలోనూ సాధ్యమే, కాకపోతే లెక్క వేసుకుని వండాలి. పనీర్ 200 గ్రాములు 36, గట్టి టోఫు 200 గ్రాములు 30 దాకా, పొడి సోయా గ్రాన్యూల్స్ 50 గ్రాములు 26, గ్రీక్ పెరుగు రెండు కప్పులు 40, వే రెండు స్కూపులు 50, పప్పు రెండు కప్పులు 30, పాలు నాలుగు కప్పులు 32. మామూలు ఇంటి పెరుగు గ్రీక్ పెరుగులో సగం ప్రోటీన్ కూడా ఇవ్వదు. పల్చటి చారుపప్పును పప్పుగా లెక్కేయకండి.

క్రియాటిన్ రోజుకు 3 నుంచి 5 గ్రాములు చాలు. మిగతా డబ్బాలతో జాగ్రత్త. సప్లిమెంట్లలో లేబుల్ మీద లేని పదార్థాలు కలుస్తుంటాయి, కాలేజీ ఆటలను నడిపే ఎన్‌సీఏఏ డ్రగ్ పరీక్షలో దొరికితే "తెలియదు" అన్న జవాబు చెల్లదు. బయటి ల్యాబ్ పరీక్షించినట్టు ముద్ర ఉన్నవే కొనండి, కాలేజీలో చేరాక డైటీషియన్‌కు చూపించకుండా ఏదీ తాగనివ్వకండి.

మనవాళ్లకు ఇంకో జాగ్రత్త. దక్షిణాసియా వాళ్లకు తక్కువ బరువులోనే షుగర్ వచ్చే ముప్పు ఉంది. మూడు వందల పౌండ్లకు పెంచే పిల్లవాడికి ఏడాదికోసారి హెచ్‌బీఏ1సీ (మూడు నెలల సగటు షుగర్), కొలెస్టరాల్, బీపీ చూపించండి. గురక పెడుతూ మధ్యలో ఊపిరి ఆగినట్టు అనిపిస్తే స్లీప్ స్టడీ చేయించండి. మెడ లావైన లైన్‌మన్లలో స్లీప్ ఆప్నియా తరచుగా కనిపిస్తుంది, నిద్ర చెడితే ఎంత తిన్నా కండ పట్టదు.

కోచ్‌లు వీడియోలో ఏం చూస్తారు

పాస్ బ్లాకింగ్‌లో, అంటే బంతి విసిరేదాకా క్వార్టర్‌బ్యాక్‌ను కాపాడే పనిలో, టాకిల్ మొదటి రెండు అడుగులు చూసి చాలామంది కోచ్‌లు వీడియో ఆపేస్తారు. అందుకే అక్కడ కాస్త వివరంగా. నిలబడినప్పుడు పాదాలు భుజాల వెడల్పు కంటే కొంచెం ఎక్కువ దూరంలో, బయటి పాదం వేళ్లు లోపలి పాదం మధ్యకు సమానంగా వెనక్కి. బరువు లోపలి కాలి మీద. స్నాప్ పడగానే లోపలి కాలితో నేలను తన్ని, బయటి పాదం వెనక్కి పక్కకి పడాలి, వెంటనే లోపలి పాదం నేలను రాసుకుంటూ అంతే దూరం జరగాలి. రెండు పాదాలూ ఎప్పుడూ దగ్గరకు రాకూడదు, దాటుకోకూడదు. వెన్ను నిటారు, తుంటి కిందికి, తల వెనక్కి. కబడ్డీ ఆడినవాళ్లకు ఇది చెప్పక్కర్లేదు: తల ముందుకు వంచినవాణ్ణి లాగేయడం తేలిక.

చేతులు ఎప్పుడు విసరాలన్నది ఇంకా కష్టం. మోచేతులు పక్కటెముకలకు దగ్గరగా, బొటనవేళ్లు పైకి, ఎదుటివాడి ఛాతీ పలక మీద. తొందరపడి విసిరితే డిఫెండర్ ఆ చెయ్యిని కిందికి కొట్టి దాటిపోతాడు. ఆలస్యమైతే వాడి చేతులే ముందు లోపలికి వస్తాయి. రెండు చేతులూ ఒకేసారి వేసి గురి తప్పితే ఛాతీ మొత్తం తెరుచుకుపోతుంది, అందుకే ఒక చెయ్యి ముందు, రెండోది వెనక వేయడం నేర్పుతారు. బయటి వేగానికి భయపడి మరీ దూరం జరిగేవాడు లోపలి దారి వదిలేస్తాడు, క్వార్టర్‌బ్యాక్ దగ్గరకు అదే దగ్గరి దారి. చెయ్యి బయటివైపు జారి జెర్సీ పట్టుకుంటే హోల్డింగ్, 10 గజాలు వెనక్కి.

రన్ బ్లాకింగ్‌లో, అంటే బంతి పట్టుకుని పరుగెత్తేవాడికి దారి తెరిచే పనిలో, కోచ్‌లు వెతికేది ముగింపు. ఇద్దరు కలిసి డిఫెన్సివ్ టాకిల్‌ను (ఎదుటి జట్టు లైన్ మధ్యలోనివాణ్ణి) కదిలించి, ఒకడు సరైన క్షణంలో వదిలి, అతని వెనక నిలబడే లైన్‌బ్యాకర్ మీదికి వెళ్లాలి. తొందరగా వదిలితే ఆ డిఫెన్సివ్ టాకిల్ చీల్చుకు వస్తాడు, ఆలస్యంగా వదిలితే లైన్‌బ్యాకర్ బంతి దగ్గర ఉంటాడు. విజిల్ మోగేదాకా పాదాలు ఆగకుండా నడుస్తున్నాయా అన్నది మొదటి చూపులోనే పట్టేస్తారు.

కోచ్‌లు ఆటగాళ్ల వీడియోలు చూసే హడల్ (Hudl) సైట్‌లో పెట్టే వీడియో మూడు నుంచి ఐదు నిమిషాలు, 20 నుంచి 25 ప్లేలు (ఒక్కో స్నాప్‌తో మొదలయ్యే ఆట ముక్కలు). అందులో మొదటి ఎనిమిది పదే లెక్క, కాబట్టి ఉత్తమమైనవి ముందు. స్నాప్‌కు ముందు అబ్బాయి మీద బాణం గుర్తు పెట్టండి, స్నాప్ తర్వాత తీసేయండి. గోల్ వెనక కోణం నుంచి తీసినవి ఎక్కువ ఉండాలి, లైన్ పని అక్కడినుంచే కనిపిస్తుంది. ఎదుటివాణ్ణి కింద పడేసిన రన్ ప్లేలే వరసగా పెట్టడం మామూలుగా జరిగే పొరపాటు. కనీసం మూడో వంతు పాస్ బ్లాకింగ్ ఉండాలి. పాటలు, స్లో మోషన్ అక్కర్లేదు. మొదటి తెర మీద ఎత్తు, బరువు, చేతుల చాపు, గ్రాడ్యుయేషన్ సంవత్సరం, జీపీఏ, హైస్కూల్ కోచ్ నంబర్. ఎత్తు ఒక అంగుళం పెంచి రాయకండి, క్యాంపులో బూట్లు విప్పించి కొలుస్తారు. ఆ తర్వాత మిగతా వివరాలన్నీ అనుమానంగానే చూస్తారు.

కుస్తీ, షాట్‌పుట్, బాస్కెట్‌బాల్ వీడియో ఉంటే చివర్లో అర నిమిషం కలపండి. లైన్ కోచ్‌లకు కుస్తీ ఆడిన పిల్లలంటే ప్రత్యేకమైన ఇష్టం. తుంటి కిందికి దించి ఎదుటివాడి బరువును తట్టుకోవడం అక్కడే వస్తుంది.

చదువు లెక్క ముందు సరిచూసుకోండి

మన ఇళ్లలో జీపీఏ గురించి చెప్పక్కర్లేదు, కానీ ఎన్‌సీఏఏ లెక్క వేరు. కాలేజీ ఆటల్లో పై అంచె అయిన డివిజన్ 1కు 16 కోర్ కోర్సులు కావాలి: ఇంగ్లిష్ నాలుగేళ్లు, లెక్కలు మూడు, సైన్స్ రెండు, ఈ మూడింటిలో ఒకటి అదనంగా, సోషల్ రెండు, మిగతా నాలుగు వీటిలోంచో భాషల్లోంచో. వీటిలో కనీసం 2.3 జీపీఏ. పదకొండో తరగతి పూర్తయ్యేసరికి 10 కోర్సులు అయిపోవాలి, అందులో 7 ఇంగ్లిష్, లెక్కలు, సైన్స్‌లోంచి ఉండాలి. ఆ పదింటి మార్కులు తర్వాత మార్చుకోవడానికి వీల్లేదు. ఎస్‌ఏటీ, ఏసీటీ నిబంధన 2023లో ఎత్తేశారు, అయినా ప్రవేశానికి కొన్ని యూనివర్సిటీలు అడుగుతాయి. ఇండియాలో ఒకటి రెండేళ్లు చదివి వచ్చిన పిల్లలైతే ఆ స్కూల్ మార్కుల మెమోలు ముందే తెప్పించి పెట్టుకోండి, మూల్యాంకనానికి నెలలు పడుతుంది.

ఆఫర్లు, సందర్శనలు, సంతకం

పదకొండో తరగతి సెప్టెంబర్ 1 నుంచి కోచ్‌లు నేరుగా మెసేజ్‌లు పంపవచ్చు. ఆ ఏడాది ఏప్రిల్ 1 నుంచి అధికారిక సందర్శనలు, ఖర్చు యూనివర్సిటీదే. సొంత ఖర్చుతో అంతకుముందే వెళ్లి చూసి రావచ్చు. రాతపూర్వక ఆఫర్ పన్నెండో తరగతి ఆగస్టు 1 తర్వాతే. అప్పటిదాకా ఫోన్‌లో "ఆఫర్ ఇస్తున్నాం" అన్న మాటకు ఇరువైపులా కట్టుబాటు లేదు. "ఈరోజు అబ్బాయి ఒప్పుకుంటే తీసుకుంటారా?" అని కోచ్‌ను నేరుగా అడగండి. నీళ్లు నమిలితే అది ఆఫర్ కాదు. ముప్పై ఆఫర్లున్న పిల్లవాడికి కూడా ఇలా నిలబడేవి పదో పన్నెండో ఉంటాయి.

నక్షత్రాలను అతిగా నమ్మకండి. రిక్రూటింగ్ సైట్ 247స్పోర్ట్స్ ఏడాదికి 32 మందికి ఐదు నక్షత్రాలు ఇస్తుంది, ఎన్‌ఎఫ్‌ఎల్ మొదటి రౌండ్ లెక్కకు సరిపోయేలా. అది అంచనా మాత్రమే. 2013లో డ్రాఫ్ట్‌లో మొట్టమొదట పిలిచిన పేరు సెంట్రల్ మిషిగన్ టాకిల్ ఎరిక్ ఫిషర్‌ది, హైస్కూల్‌లో అతన్ని పెద్ద యూనివర్సిటీలు పట్టించుకోలేదు. జేసన్ కెల్సీ సిన్సినాటీలో స్కాలర్‌షిప్ లేకుండా చేరి, వేరే స్థానం నుంచి లైన్‌కు మారి, గొప్ప సెంటర్ అయ్యాడు. అలాగని నక్షత్రాలన్నీ తప్పూ కాదు. ఒహాయో స్టేట్‌లో ఓర్లాండో పేస్ 1994లో మొదటి ఆట నుంచే టాకిల్, 1997లో డ్రాఫ్ట్‌లో మొదటివాడు. పేస్ లాంటివాడు తరానికొకడు వస్తాడు, అతన్ని చూసి ప్రణాళిక వేసుకోకూడదు.

సంతకానికి ముందు ఎంత జాగ్రత్త కావాలో శియాంట్రెల్ హెండర్సన్ ఉదంతం చూస్తే తెలుస్తుంది. మిన్నెసోటా నుంచి 2010 క్లాసులో దేశంలోనే అగ్రశ్రేణి లైన్‌మన్. అతను యూనివర్సిటీ ఆఫ్ సదరన్ కాలిఫోర్నియా (యూఎస్‌సీ)ని ఎంచుకున్నప్పటికి ఆ జట్టు మీద ఎన్‌సీఏఏ విచారణ నడుస్తోంది. 2010 జూన్‌లో శిక్ష పడింది: రెండేళ్లు బౌల్ ఆటల (సీజన్ చివరి పెద్ద మ్యాచ్‌ల) నిషేధం, 30 స్కాలర్‌షిప్‌ల కోత. సంతకం నుంచి విడుదల పొంది మయామీ వెళ్లాడు. నాలుగేళ్ల తర్వాత బఫెలో బిల్స్ 7వ రౌండ్‌లో తీసుకున్నారు. మొదటి ఏడాది 16 ఆటలూ ఆరంభం నుంచి ఆడాడు, అంటే ప్రతిభకు లోటు లేదు. విచారణలో ఉన్న జట్టు, ఉద్యోగం ఊగిసలాడుతున్న హెడ్ కోచ్, రెండేళ్లలో మూడో లైన్ కోచ్, ఇవేవీ సందర్శన రోజు ఎవరూ చెప్పరు. మీరే వెతికి తెలుసుకోవాలి.

సందర్శనలో స్టేడియం వెలుగులు, ఫోటోలు అబ్బాయికి వదిలేయండి. మీరు లైన్ కోచ్‌తో గంటసేపు కూర్చోండి. ఆయన కాంట్రాక్ట్ ఏ ఏడాదిదాకా ఉంది, హెడ్ కోచ్ మారితే ఆయన ఉంటారా? ఇప్పుడున్న లైన్‌మన్లలో ఎవరు ఏ ఏడాది వెళ్లిపోతారు? 2025 నుంచి హౌస్ కేసు సెటిల్‌మెంట్‌లో (ఆటగాళ్లకు చెల్లింపుల మీద కోర్టు రాజీ, వివరం కింద ఉంది) చేరిన జట్లలో స్కాలర్‌షిప్ పరిమితికి బదులు మొత్తం 105 మంది అన్న రోస్టర్ పరిమితి వచ్చింది, అందులో లైన్‌మన్లు 16 నుంచి 20 మంది ఉంటారు. కాగితం మీద ఆ పేర్లు సంవత్సరాలవారీగా రాయించుకోండి. గడిచిన రెండు జనవరుల్లో బదిలీ పోర్టల్ (యూనివర్సిటీ మారాలనుకునే ఆటగాళ్ల జాబితా) నుంచి ఎంతమంది లైన్‌మన్లను తెచ్చారో అడగండి. ఏటా ముగ్గురు నలుగురు తయారైనవాళ్లను కొనుక్కొచ్చే జట్టుకు పద్దెనిమిదేళ్లవాణ్ణి ఓపిగ్గా పెంచే ఆలోచన తక్కువ. ఆ కోచ్ ముందు తయారుచేసిన ఒక ఆటగాడి మొదటి ఏడాది వీడియో, మూడో ఏడాది వీడియో పక్కపక్కన చూపించమని అడగండి. మంచి లైన్ కోచ్ ఈ ప్రశ్నకు సంతోషిస్తాడు.

సంతకాలు ఎక్కువభాగం డిసెంబర్ మొదటివారంలో, మిగిలినవి ఫిబ్రవరిలో. 2024 అక్టోబర్‌లో పాత నేషనల్ లెటర్ ఆఫ్ ఇంటెంట్ రద్దయింది, ఇప్పుడు యూనివర్సిటీ ఆర్థిక సహాయ ఒప్పందమే ఆ పాత్ర పోషిస్తుంది.

డబ్బు కాగితాలు

2021 జులై 1 నుంచి ఆటగాళ్లు తమ పేరు, రూపం మీద సంపాదించుకోవచ్చు, దీన్నే ఎన్‌ఐఎల్ అంటారు. 2025 జూన్‌లో హౌస్ కేసు సెటిల్‌మెంట్ ఆమోదం పొందాక, జులై 1 నుంచి యూనివర్సిటీలే నేరుగా చెల్లించవచ్చు. మొదటి ఏడాది ఒక్కో యూనివర్సిటీకి అన్ని ఆటలకూ కలిపి పరిమితి సుమారు 2.05 కోట్ల డాలర్లు. బయటి సంస్థలతో 600 డాలర్లు, అంతకు మించిన ఒప్పందాలను ఎన్‌ఐఎల్ గో అనే వ్యవస్థకు తెలియజేయాలి.

ఒప్పందంలో చూడాల్సినవి: చెల్లింపు నెలనెలా వస్తుందా, జనవరిలో పోర్టల్ మూసుకున్నాకా? గాయమైతే ఆగుతుందా? వేరే చోటికి మారితే ఎంత వెనక్కివ్వాలి? కోచ్ వెళ్లిపోతే ఆ నిబంధన వర్తిస్తుందా? ఎన్‌ఎఫ్‌ఎల్ ఏజెంట్ల కమిషన్‌కు ఆటగాళ్ల సంఘం 3 శాతం పరిమితి పెట్టింది. కాలేజీ ఒప్పందాల ఏజెంట్లకు అలాంటి కట్టడి లేదు, 15, 20 శాతం అడిగేవాళ్లుంటారు. ప్రొఫెషనల్ సంపాదనలో వాటా రాసివ్వమనే కాగితం మీద సంతకం పెట్టనివ్వకండి.

ఎన్‌ఐఎల్ డబ్బు సాధారణంగా స్వయం ఉపాధి ఆదాయం కింద వస్తుంది. ఆదాయపన్ను కాక 15.3 శాతం సెల్ఫ్ ఎంప్లాయ్‌మెంట్ పన్ను. ఏప్రిల్, జూన్, సెప్టెంబర్, మళ్లీ జనవరి 15 తేదీల్లో అంచనా పన్ను కట్టాలి. వచ్చిన ప్రతి చెక్కులో మూడో వంతు విడి ఖాతాలో వేయండి. స్కాలర్‌షిప్‌లో ట్యూషన్, పుస్తకాల భాగానికి పన్ను లేదు, హాస్టల్, భోజనం భాగానికి ఉంది.

అబ్బాయి అమెరికాలో పుట్టకపోతే ఇంకో సంగతి ముందే చూసుకోండి. హెచ్-4 మీద ఉన్న పిల్లలకు పనిచేసే అనుమతి లేదు, 21 ఏళ్లు నిండితే ఆ హోదా పోతుంది, గ్రీన్ కార్డు వరసలో ఉన్న చాలా తెలుగు కుటుంబాలకు అది సరిగ్గా కాలేజీ మూడో ఏట వస్తుంది. ఎఫ్-1కు మారినా పని మీద కఠినమైన పరిమితులున్నాయి. స్కాలర్‌షిప్‌కు ఇబ్బంది లేదు కానీ ఎన్‌ఐఎల్, యూనివర్సిటీ చెల్లింపులు తీసుకుంటే వీసా ఉల్లంఘన కిందికి రావచ్చు. "ఇది పాసివ్ ఆదాయం, ఏం కాదు" అని అథ్లెటిక్ విభాగంలో ఎవరైనా నోటితో చెబితే సరిపోదు. మీ సొంత ఇమ్మిగ్రేషన్ లాయర్ దగ్గర రాతలో తీసుకోండి, ఒక్క డాలరైనా అందుకోకముందే.

కాలేజీలో మొదటి రెండేళ్లు

జనవరిలోనే చేరే అవకాశముంటే చేర్పించండి. వసంతకాలపు ప్రాక్టీసులు, ఆరు నెలల అదనపు బరువుల శిక్షణ లైన్‌మన్‌కు చాలా విలువైనవి. నాలుగు ఆటల వరకు ఆడినా ఆ ఏడాది ఆడే అర్హత లెక్కలోకి రాకుండా రెడ్‌షర్ట్ చేయవచ్చు, ఈ నియమం 2018 నుంచి ఉంది. మొదటి ఏడాది కూర్చోబెట్టారని ఇంట్లో కలత పడతారు. ఈ స్థానంలో అది మామూలు విషయమే, తరచుగా మేలు కూడా.

పోర్టల్ ఆలోచన రెండో ఏట తప్పక వస్తుంది. 2026లో పోర్టల్ తెరిచే గడువు ఒక్కటే, జనవరి 2 నుంచి 16 వరకు. అయోవా కుర్రాడు కేడిన్ ప్రాక్టర్ 2023లో అలబామా లెఫ్ట్ టాకిల్, హెడ్ కోచ్ నిక్ సేబన్ రిటైరయ్యాక 2024 జనవరిలో అయోవాకు మారి, మార్చికల్లా మళ్లీ అలబామాకే వచ్చాడు. అంతటి ఆటగాడికి తలుపు మళ్లీ తెరుస్తారు, అందరికీ తెరవరు. మారేముందు చదువు లెక్క చూడండి. మూడో ఏడాది మొదలయ్యేసరికి డిగ్రీలో 40 శాతం, నాలుగో ఏడాదికి 60, ఐదో ఏడాదికి 80 శాతం పూర్తి కావాలి. ఇంజినీరింగ్ క్రెడిట్లు కొత్త చోట సగం చెల్లకపోతే ఆడే అర్హతే పోతుంది. ఇంజినీరింగ్, ప్రీమెడ్ అనుకునేవాళ్లు ప్రాక్టీస్ ఉదయమా మధ్యాహ్నమా అని మొదటి సందర్శనలోనే అడగండి. ల్యాబ్‌లు మధ్యాహ్నం ఉంటాయి, మధ్యాహ్నం ప్రాక్టీస్ చేసే జట్టులో వాటికి చోటుండదు.

ఎండ, మోకాళ్లు, భుజాలు

ఫుట్‌బాల్‌లో వడదెబ్బ ఎక్కువగా తగిలేది లైన్‌మన్లకే. పెద్ద ఒళ్లు వేడిని త్వరగా వదలదు. వైకింగ్స్ టాకిల్ కోరీ స్ట్రింగర్ 2001 ఆగస్టు 1న పోయాడు. మేరీల్యాండ్ లైన్‌మన్ జోర్డన్ మెక్‌నెయిర్ 2018 మే చివర్లో పరుగుల శిక్షణలో కుప్పకూలి జూన్ 13న పోయాడు, వయసు 19. అతన్ని చన్నీటి తొట్టెలో దింపలేదని తర్వాత విచారణలో తేలింది. వడదెబ్బలో ముందు చల్లబరచాలి, ఆ తర్వాతే ఆస్పత్రికి తరలించాలి. ప్రాక్టీస్ మైదానం పక్కన నీళ్లు, ఐసు నింపిన తొట్టె సిద్ధంగా ఉందో లేదో కళ్లతో చూడండి. హైస్కూల్‌లోనూ, కాలేజీలోనూ. లేకపోతే అథ్లెటిక్ ట్రైనర్‌ను అడగడానికి మొహమాటపడొద్దు. ఒళ్లు ఎండకు అలవాటు పడటానికి 10 నుంచి 14 రోజులు కావాలి, కాబట్టి సెలవుల్లో ఇండియా వెళ్లొచ్చో ఏసీ గదిలో గడిపో నేరుగా ఆగస్టు క్యాంపుకు పంపకండి. రెండు వారాల ముందు నుంచి సాయంత్రం పూట నడిపించి, పరుగెత్తించండి. ప్రాక్టీస్ ముందూ తర్వాతా బరువు తూచుకోమనండి, తగ్గిన ప్రతి పౌండుకు అర లీటరుకు కొంచెం పైన నీళ్లో ఉప్పు వేసిన మజ్జిగో తాగాలి. మాట తడబడటం, తూలడం, కోపం రావడం కనిపిస్తే "ఓర్చుకో" అనే మాట రాకూడదు.

మోకాలికి దెబ్బ ఎక్కువగా వెనకనుంచో పక్కనుంచో ఇంకొకరు పడటంతో తగులుతుంది, అందుకే చాలా జట్లు లైన్‌మన్లకు రెండు మోకాళ్లకూ బ్రేస్‌లు తప్పనిసరి చేస్తాయి. మొదటి నెల అవి కదలికను అడ్డుకుంటున్నట్టు ఉంటాయి, తీసేయనివ్వకండి. భుజంలో లేబ్రమ్ (కీలు అంచున ఉండే మృదులాస్థి) చిరగడం నెమ్మదిగా మొదలవుతుంది: పడుకున్నప్పుడు నొప్పి, చెయ్యి చాపితే జారిన భావన. సీజన్ చివరిదాకా దాచి ఆడితే ఆపరేషన్ తర్వాత వసంతకాలపు శిక్షణ మొత్తం పోతుంది.

డ్రాఫ్ట్, ఆ తర్వాత

హైస్కూల్ పూర్తయి మూడేళ్లు గడిస్తే డ్రాఫ్ట్‌కు అర్హత. మూడో ఏట వెళ్లాలా అన్న సందేహం ఉంటే ఎన్‌ఎఫ్‌ఎల్ సలహా కమిటీ అభిప్రాయం అడగవచ్చు. వాళ్ల జవాబు మూడు రకాలే: మొదటి రౌండ్, రెండో రౌండ్, లేదా కాలేజీలోనే ఉండు. మూడోది వస్తే అది నిజమని నమ్మండి. అలబామాలోని మొబీల్‌లో జరిగే సీనియర్ బౌల్ (డ్రాఫ్ట్‌కు వెళ్లే ఆటగాళ్ల ప్రదర్శన ఆట) ప్రాక్టీసుల్లో ఒకరితో ఒకరు తలపడే పోటీలు గార్డులకు, సెంటర్లకు కంబైన్ పరుగుల కంటే ఎక్కువ మేలు చేస్తాయి. కంబైన్‌లో 40 గజాల మొత్తం సమయం కంటే మొదటి 10 గజాల సమయం ముఖ్యం. 225 పౌండ్ల బెంచ్ ప్రెస్ లెక్క పేపర్లో బాగుంటుంది, అంతవరకే.

ఆట ఏ రోజు ఆగినా, కాలేజీతో ఆగినా ఎన్‌ఎఫ్‌ఎల్‌తో ఆగినా, బరువు దించే పని ఆ నెలలోనే మొదలుపెట్టాలి. ఐదారు వేల క్యాలరీల తిండి అలవాటు ఆటతోపాటు దానంతటది ఆగదు. క్లీవ్‌ల్యాండ్ టాకిల్ జో థామస్ రిటైరయ్యాక 50 పౌండ్ల దాకా తగ్గాడు. ముందు వే డబ్బాలు, రాత్రి పూట రెండో భోజనం ఆపాలి, తర్వాత అన్నం కప్పుల్లో కొలుచుకోవాలి, భారీ స్క్వాట్‌ల బదులు ఈత, సైకిల్. వారానికి ఒకటిన్నర రెండు పౌండ్ల చొప్పున ఆరేడు నెలల్లో 310 నుంచి 260కి దిగవచ్చు. మోకాళ్ల ఎంఆర్‌ఐ, గుండె పరీక్ష, హెచ్‌బీఏ1సీ యూనివర్సిటీ వైద్య సదుపాయం ముగియకముందే చేయించి, రిపోర్టుల ప్రతులు ఇంట్లో దాచుకోండి. యూనివర్సిటీ నుంచి బయటికొచ్చేటప్పుడు చేసే చివరి వైద్య పరీక్షలో పాత గాయాలన్నీ రాయించుకోండి, తర్వాత అదే మోకాలికి చికిత్స అడగాల్సి వస్తే ఆ కాగితం కావాలి.